బేగంబీ నీళ్ళు చల్లలేదు

బకెట్ కావాలన్నారు. తెచ్చి ఇచ్చింది జబీనే.

ఆర్మూర్ పక్కన పెర్కిట్ దారిలో ఒక పసుపు గోదాము. బయట లారీలు, లోపల షూటింగ్ లైట్లు, నడుమ నిలువెత్తు పసుపు రాశి. రాశి పక్కన పీట మీద హైదరాబాద్ నుంచి వచ్చిన నటి కూర్చుంది. వెలిసిన చీర, ముక్కుకు పుల్ల, దవడన ఆకు వక్క. ఆమె కట్టింది బేగంబీ వేషం. జబీన్ కెమెరాకు వెనకాల నేల మీద కూర్చొని ఆమెకు మాటలు అందిస్తోంది. సగం తెలుగు, సగం దక్కనీ ఉర్దూ కలిపి మాట్లాడే ఆ తీరుకు నటికి నోరు తిరగడం లేదు. జబీన్ అంటుంది, నటి అంటుంది. జబీన్ మళ్ళీ అంటుంది.

ఇన్నేళ్ళూ స్టేజీ మీద ఆ వేషం కట్టింది జబీన్. ఆ మాటలు అల్లింది జబీన్. ఆ బేగంబీ జబీన్‌ను కన్న తల్లి.

"అమ్మా, ఒక బకెట్ నీళ్ళు పట్టుకొస్తారా?" అన్నాడు డైరెక్టర్ శ్రీకాంత్. ఎవరైనా చేతులు కడుక్కుంటారేమో అనుకుని జబీన్ నల్లా దగ్గరికి పోయి నింపుకొచ్చింది.

నటి అటూ ఇటూ దొంగచూపు చూసింది. దోసిట్లో నీళ్ళు తీసి రాశి మీద చిలకరించింది. "తూకం పెరగాలె గదా!" అని కెమెరాకు కన్ను కొట్టింది. అప్పుడు పసుపు కొనే సేటు వేషంలో నరేష్ వచ్చాడు, జబీన్ ఆడే హాస్య బృందం పెద్ద. ఒక కొమ్ము తీసి విరవబోయాడు. ఎండిన పసుపు అయితే టక్కున విరగాలి. ఇది వంగింది. "తడి పసుపుల లేదా ముసల్దానా? మరి నా ముక్కుల ఉందా?" అంటూ బకెట్ ఎత్తి ఆమె నెత్తిన గుమ్మరించాడు. పచ్చటి నీళ్ళు కారుతుంటే నటి నాలుక బయటపెట్టి గుడ్లు తిప్పింది. గోదాము గోదామంతా పగలబడి నవ్వింది.

"సార్," అంది జబీన్. "మా అమ్మ నీళ్ళు సల్లదు సార్."

"ఇది మీ అమ్మ కాదమ్మా. క్యారెక్టర్."

జబీన్ నరేష్ వైపు చూసింది. నరేష్ చేతి అద్దంలో మీసం అతుకు చూసుకుంటున్నాడు. సీను ఇంకోసారి తీయాలన్నారు. ఖాళీ బకెట్ తీసుకుని జబీన్ మళ్ళీ నల్లా దగ్గరికి పోయింది.

ఆ బకెట్ ఆమె చేతిలో ఎంత బరువైందో తెలియాలంటే బేగంబీ ఎవరో తెలియాలి.

బేగంబీ వయసంతా పసుపు రాశుల పక్కనే గడిచింది. పొడుగు కొమ్ములు ఒక దిక్కు, గుండ్రటి మండలు ఒక దిక్కు ఏరి పోసే కూలి ఆమె. రైతులు తమ రాశిని ఆమె ముందు వదిలేసి బేఫికర్‌గా అన్నానికి పోయేవాళ్ళు. తిరిగి వచ్చేసరికి ఒక్క కొమ్ము తగ్గదు, ఒక్క చుక్క తడి తగలదు. సొంత పొలం లేదు, సొంత ఇల్లు లేదు. ఆమెకు ఉన్నది ఆ పేరొక్కటే.

ఒకనాడు ఒక సేటు బాగా ఎండిన రాశిని పట్టుకుని తేమ ఉందన్నాడు. ధర దించడానికి వాళ్ళకు అదొక విద్య. కొమ్ము వాసన చూస్తాడు, ముక్కు ఎగబీలుస్తాడు, "తడి ఉన్నది, తడి ఉన్నది" అంటాడు. రైతు చేతులు నలుపుకుంటూ నిలబడ్డాడు. బేగంబీ ఏరే చేయి ఆపకుండానే అంది:

"సేటూ, పసుపు ఎండింది. తడి నీ ముక్కుల ఉంది. తుడుసుకొని మల్ల సూడు."

హమాలీలు మూటలు దించి మరీ నవ్వారు. సేటు రుమాలు తీసి నిజంగానే ముక్కు తుడుచుకున్నాడట. ఆ రాశికి రావాల్సిన ధర వచ్చింది. ఆ మాట ముప్కాల్ దాకా, మెండోర దాకా పాకింది.

జబీన్‌కు తల్లి నుంచి దిగింది ఆ నోరొక్కటే. బట్టలు కుట్టుకుని బతికేది. మిషన్ తొక్కుతూ తల్లిని అనుకరిస్తుంటే గల్లీ ఆడవాళ్ళు జాకెట్లు తీసుకున్నాక కూడా కదిలేవాళ్ళు కారు. ఫోన్లు బాగుచేసే నరేష్‌కు ఆ సంగతి తెలిసింది. అతనికొక హాస్య బృందం ఉంది, పేరు 'నవ్వుల అంగడి'. పెళ్ళిళ్ళు, గణపతి మండపాలు, ఉర్సు జాతరలు, ఎక్కడ జనం ఉంటే అక్కడ బల్లలు పరిచి ఆడేవాళ్ళు. ఢోలక్ గంగాదాస్‌ది. పెద్దమనిషి, ఎవరైనా ఆయన్ను కాకా అనే పిలుస్తారు.

ఆడపిల్ల, పైగా ముస్లిముల ఇంటి పిల్ల స్టేజీ ఎక్కుడేందని బంధువులు లేచారు. అప్పుడు నరేష్ ఇంటికొచ్చి బేగంబీ ముందు గొంతుకూర్చున్నాడు.

"అమ్మా, జబీన్ నాకు చెల్లె. ఆమె నోరు నీ నోరే. జర మాకియ్యు."

"నోరిస్త కొడుకా. నా పేరు గూడ ఇస్త," అంది బేగంబీ. "గని ఎట్ల తీస్కపోయినవో గట్లనే తెచ్చి ఇయ్యాలె."

నరేష్ ఆమె కాళ్ళు మొక్కాడు.

నవ్వుల అంగడిలో ఒకటే కట్టుబాటు. నవ్వు పుట్టించే చివరి మాటను వాళ్ళు పటాకి అంటారు. ఎవరు చేసిన పటాకి వాళ్ళే పేల్చాలి. ఇంకొకరు నోరు జారి దాన్ని ముందే అంటిస్తే అంతకు మించిన పాపం లేదు. "ఒక్కపారి పేలినంక గది కాయిదమే బిడ్డా. మల్ల అగ్గి వెట్టినా పొగే వస్తది," అనేవాడు గంగాదాస్ కాకా. జబీన్ ఎన్నడూ ఆ కట్టు దాటలేదు.

తర్వాత ఫోన్ల కాలం వచ్చింది. నరేష్ చానల్ పెట్టాడు. బేగంబీ వీడియోలను దుబాయిలో ఉన్న వలస కూలీలు కూడా చూశారు. అవి చూసే హైదరాబాద్ నుంచి ఒక సినిమాల యాప్ వాళ్ళు వచ్చారు. బృందం మొత్తాన్ని తెర మీదికి తెస్తామన్నారు, బేగంబీ మీదే కథ నడుపుతామన్నారు. తర్వాత ఫోటోలు తీశారు. జబీన్ ఫోటో చూసి, "స్టేజీకి ఓకే, క్లోజప్‌కు కష్టం" అన్నారు. ఎండిన చెంపలు, ముందుకొచ్చిన పన్ను, అవే వాళ్ళకు కనబడ్డాయి. ఆమెకు యాస నేర్పే పని ఇచ్చారు. పోస్టరు మీద నరేష్ పేరు పెద్దగా వచ్చింది. ఆమె పేరు ఎక్కడా రాలేదు.

"జర ఓపిక పట్టు చెల్లె. మొదటి సినిమా వాళ్ళది, రెండోది మనది," అన్నాడు నరేష్.

సరే అంది. వేషం పోతే పోయింది అనుకుంది. పేరు పోతే పోయింది అనుకుంది. మనలో ఎంతమంది ఆడవాళ్ళు ఇలా 'పోతే పోయింది' అనుకుంటూ చివరికి నిలబడే చోటు కూడా పోగొట్టుకున్నారో! కానీ ఆ బకెట్ నీళ్ళు పడ్డది తన వేషం మీద కాదు, తల్లి నిజాయితీ మీద. బేగంబీ జీవితమంతా కాపాడుకున్న ఒకే ఒక్క సొత్తును, ఆమె కన్నబిడ్డ చేత్తో మోయించిన నీళ్ళతోనే కడిగేశారు.

షూటింగ్ అయిపోయింది. జబీన్ కుట్టు మిషన్ దగ్గర కూర్చుంటే సూది గుడ్డలో దిగిన ప్రతిసారీ ఆ సేటు మీసం కనబడేది. అరిచి గొడవ చేయాలనిపించలేదు. నరేష్‌కు నొప్పి తెలియాలి. అతనికి ఎక్కడ నొప్పి పుడుతుందో ఆమెకు తెలుసు. జనం నవ్వనప్పుడు. ఆట చప్పబడ్డ రోజున అతను అన్నం కూడా ముట్టేవాడు కాదు.

తల్లికి మాత్రం ఏమీ చెప్పలేకపోయింది. బేగంబీ గాజులమ్మే మనిషిని ఆపి మరీ చెబుతోంది, నన్ను సినిమాల పెట్టిండ్రు అని.

సినిమా ఫోన్లలోకి రాకముందు ఆర్మూర్‌లోనే ఒక ఫంక్షన్ హాలులో పెద్ద తెర కట్టి చూపిస్తామన్నారు. పసుపు రైతులు, కూలీలు పడిపడి నవ్వుతుంటే ఆ నవ్వులను కెమెరాల్లో పట్టి ప్రచారం చేసుకోవాలని యాప్ వాళ్ళ ఆలోచన.

"అమ్మీ, మోకాళ్ళు గుంజుతున్నయంటివి గద. ఇంటికాడ ఉండు," అంది జబీన్.

"నక్కో! నా పేరు మీద సినిమా తీస్తే నేను పోకుంటె ఎట్లనే? నా లగ్గం నాడు నేను ఇంట్ల ఉన్నట్టే అయితది!" బేగంబీ పండుగ చీర తీసింది.

హాలు నిండింది. ముప్కాల్ నుంచి, జక్రాన్‌పల్లి నుంచి ఆటోల్లో వచ్చారు. బేగంబీని అందరూ పట్టుకుపోయి ముందు వరుసలో కూర్చోబెట్టారు. తెర పక్కన రెండు కెమెరాలు జనం ముఖాల వైపు తిప్పి ఉన్నాయి. అంతలో ప్రొజెక్టర్ మొరాయించింది. జనంలో ఈలలు మొదలయ్యాయి. నరేష్ కొత్త కోటు సవరించుకుంటూ జబీన్ దగ్గరికి ఉరికొచ్చాడు.

"చెల్లె, జనం సల్లవడ్తున్నరు. పాత లెక్కన జర మంట వెట్టు. గది నీతోనే అయితది."

స్టేజీ రోజుల అలవాటది. ఆట మొదలయ్యే దాకా జనం చేజారకుండా జబీన్‌ను ముందుకు తోయడం. అలవాటులో నరేష్ ఒక సంగతి మరిచాడు. సినిమాలో ఉన్నవన్నీ ఆమె పటాకులే.

"పెట్టాల్నా అన్నా?" అంది జబీన్. "మంచిగ సోచాయించుకో."

"ఎహె, సోచాయించెడిదేంది? పో పో!"

పోయింది. మైకు తీసుకుంది. పైట నెత్తికి లాగి, నడుం కొంచెం వంచింది. అంతే, బేగంబీ వచ్చి నిలబడింది. హాలు ఘొల్లుమంది. గంగాదాస్ కాకా ఢోలక్ అందుకున్నాడు.

"ఎలక్షన్లప్పుడు ఒక లీడర్ సారు మన రాశి కాడికి వచ్చిండు," అని మొదలుపెట్టింది. "పచ్చి పసుపు చేతుల వట్టుకొని ఫోటో దిగిండు. 'అబ్బ, ఈసారి అల్లం మస్తు పండింది' అన్నడు."

జనం అప్పటికే ఊగుతున్నారు.

"నేను ఏమనలే. లోపలికి వోయి అదే దంచి, చాయ్ పెట్టి ఇచ్చిన. తాగి మొఖం ఇట్ల వెట్టిండు. 'ఏందమ్మా, చాయ్ గింత పచ్చగ, గింత చేదుగ ఉన్నది?' 'అల్లం చాయ్ సారూ! మీరే సెప్పిండ్రు గద!'"

కుర్చీలు కదిలిపోయాయి. కానీ ఢోలక్ మీద కాకా చేయి ఆగిపోయింది. అది సినిమాలో ఉన్న పటాకి. ఆయన జబీన్ ముఖంలోకి చూశాడు. కట్టు తెగిందని ఆయనకు అర్థమైంది. సినిమాలో ఆయనకు ఒక చెవిటి కావలివాడి వేషం ఉంది, ఒకే ఒక మాట ఉంది. జబీన్ ఆ ఒక్కటి మాత్రం ముట్టలేదు. మిగిలినవన్నీ ఒకదాని వెంట ఒకటి పేల్చింది. కెమెరాల వెనక ఉన్న యాప్ వాళ్ళు సంబరంగా బొటనవేళ్ళు చూపిస్తున్నారు. శ్రీకాంత్ మాత్రం కుర్చీ అంచుకు జరిగాడు. నరేష్ పక్కనుంచి చేతులతో 'చాలు, చాలు' అంటున్నాడు.

జబీన్ అతని వైపే తిరిగి చివరిది అందుకుంది. సేటు వచ్చాడు, కొమ్ము వాసన చూశాడు, తడి ఉందన్నాడు. అక్కడ ఆగి, మైకును జనం వైపు చాపింది. పిల్లలూ ముసలివాళ్ళూ ఒక్క గొంతుతో అన్నారు:

"తడి నీ ముక్కుల ఉంది సేటూ! తుడుసుకో!"

ముందు వరుసలో బేగంబీ కొంగు అడ్డం పెట్టుకుని నవ్వుతోంది. ప్రొజెక్టర్ వెలిగింది. జబీన్ మైకు కింద పెట్టి, తల్లి పక్కన కాక, నరేష్ పక్కన పోయి నిలబడింది. అతని ముఖం దగ్గరనుంచి చూడాలనుకుంది.

తెర మీద బేగంబీ అల్లం అనుకుని పసుపు దంచింది. లీడరు ఆమె తెలివితక్కువతనానికి తల కొట్టుకున్నాడు. నవ్వు రావాల్సిన చోట నిశ్శబ్దం వచ్చింది.

"గిదేంది!" అని ఒక ఆడగొంతు. ముప్కాల్ మంగవ్వ, నాలుగెకరాల పసుపు రైతు. "పసుపుకు అల్లానికి తేడ దెల్వంది బేగంబీనా? ఇప్పుడే గద జబీన్ సెప్పింది, దెల్వంది లీడరుకని!"

ఇంకో సీను. మళ్ళీ నిశ్శబ్దం. ఎవరో ఆవులించారు, ఆ చప్పుడు కూడా వినిపించింది. కెమెరాలు బిగిసిన ముఖాలను పట్టుకుంటున్నాయి. నరేష్ మెడ మీద చెమట పట్టింది. ఆ నిశ్శబ్దం జబీన్‌కు షీర్‌ఖుర్మా కంటే తియ్యగా ఉంది. గుక్క గుక్కగా తాగింది. మధ్యలో కాకా వేషం వచ్చింది, ఆయన చెప్పాల్సిన ఒక్క మాటా చెప్పాడు. దానికీ ఎవరూ నవ్వలేదు. అప్పటికే హాలు కోపం మీద ఉంది. వెనక వరుసలో మనుమల నడుమ కూర్చున్న కాకా తల దించుకున్నాడు. ఆ గుక్క మాత్రం జబీన్‌కు గొంతు దిగలేదు.

అప్పుడు బకెట్ వచ్చింది. తెర మీది బేగంబీ దొంగచూపు చూసి, రాశి మీద నీళ్ళు చిలకరించింది.

ముందు వరుసలో అసలు బేగంబీ లేచింది. ఆమె నీడ తెర మీద పడి ఆ నటి ముఖం సగం మాసిపోయింది. కర్ర పట్టుకుని జనం వైపు తిరిగింది.

"నేను నీళ్ళు సల్లిన్నా?" అని అడిగింది. "ఎవల రాశి మీదనన్న, ఎన్నడన్న సల్లిన్నా? సూసినోళ్ళు సెప్పుర్రి. ఈడనే సెప్పుర్రి."

"సల్లలే అమ్మా! సల్లలే!" హాలంతా లేచింది.

వెనక తెర మీద నరేష్ కొమ్ము వంచి నోరు తెరిచాడు. అతని మాట బయటికి రాకముందే ఏ మూల నుంచో ఒక గొంతు లేచింది.

"తడి నీ ముక్కుల ఉంది నరేషూ! తుడుసుకో!"

అప్పుడు వచ్చింది నవ్వు. గోడలు అదిరే నవ్వు. యాప్ వాళ్ళు కోరుకున్న నవ్వే. కాకపోతే అది తెర మీద లేదు, కోటు వేసుకుని చెమట తుడుచుకుంటున్న నరేష్ మీద ఉంది. కెమెరాలు దాన్ని మొత్తం పట్టుకున్నాయి.

బయట మెట్ల దగ్గర నరేష్ దారికి అడ్డం నిలబడ్డాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"నా పానం దీసినవ్ గదా చెల్లె. ఒక్కమాట ముందుగాల సెప్పొద్దా?"

"బకెట్ తెచ్చిన నాడే సెప్పిన. నువ్వు మీసం సూస్కుంటున్నవ్."

"కట్టు దెంపినవ్."

"నా పటాకిని మా అమ్మ నెత్తిన పేల్చిన నాడే కట్టు దెగింది. ఎట్ల తీస్కపోయినవో గట్లనే తెచ్చి ఇయ్యాలె అన్నది గద ఆమె. ఏది, తెచ్చినవా నరేషూ?" 'అన్నా' అని పిలవడం ఆ రోజుతో ఆగిపోయింది.

గంగాదాస్ కాకా మాత్రం ఆమెను తిట్టలేదు. చెప్పులు వేసుకుంటూ అన్నాడు: "నీ కోపం సక్కనిదే బిడ్డా. గని అండ్ల నాదొక్క మాట ఉండె. మనుమలకు సూపిద్దామని తీస్కొచ్చిన." ఈసారి గణపతి పండుగకు జబీన్ ఆయన ఢోలక్ లేకుండానే ఆడింది.

కథ ఇక్కడ తీరిపోతే బాగుండేది. తీరలేదు. సినిమాలో ఒక్క ముక్క మార్చకుండా, 'పసుపు బేగం' అనే పేరుతో ఆ యాప్ దాన్ని వదిలింది. ఆర్మూర్ ఒక్కటి నవ్వకపోతే లోకం నవ్వడం మానుతుందా? బకెట్ సీను ముక్కగా కోసి ఫోన్ల నిండా తిప్పారు. మొన్న జక్రాన్‌పల్లి బస్సులో ఎవరో కుర్రాళ్ళు బేగంబీని గుర్తుపట్టి, "బేగమూ, నీళ్ళు సల్లకే!" అని అరిచారు. ఆమెను ఎవరైనా మాట అనడం జబీన్ ఎప్పుడూ చూడలేదు. అన్నవాణ్ణి ఆమె వదలడం అంతకన్నా చూడలేదు. ఆనాడు బేగంబీ ఏమీ అనలేదు. ఇంటికొచ్చి, గోడకు ఆనుకుని కూర్చుని, "క్యా బేటీ, నా నోరేమైంది?" అంది.

అందుకే జబీన్ పగ చల్లారలేదు. చల్లారనివ్వదు కూడా. ముప్కాల్‌లో ఆడింది, మెండోరలో చేపల బజారు ముందు ఆడింది. ట్రాలీ మీద ఒక్కతే నిలబడి అసలు బేగంబీని చూపిస్తోంది. ఎక్కడ ఆడినా చివర సేటు ముక్కు దగ్గర ఆగి, జనం చేతనే ఆ మాట అనిపిస్తోంది. ఆ సేటుకు ఇప్పుడు మీసం ఉంటుంది, కోటు ఉంటుంది.

కూలి మనిషి దొర మీద విసిరిన మాటను లాక్కుని, తిప్పి ఆ కూలి మనిషి మీదే విసిరితే దాన్ని హాస్యం అనకూడదు. దొంగసొత్తు అనాలి. దొంగసొత్తు చేతులు మారినన్ని రోజులే బతుకుతుంది. ఆ చేతుల్లో ఒకటి మనది.

ఆ బకెట్ సీను మీ ఫోనుకు కూడా వస్తుంది, బహుశా వచ్చే ఉంటుంది. దాన్ని ఇంకొకరికి పంపకండి. కింద కామెంట్ల దగ్గర ఒక్క వాక్యం రాయండి: బేగంబీ నీళ్ళు చల్లలేదు. మీ ఊళ్ళో జాతరకో, పెళ్ళికో, సంఘం సభకో ఆట పెట్టించేవాళ్ళు మీరైతే జబీన్‌ను పిలవండి, గోడ మీద ఆమె పేరు పెద్దగా రాయించండి. బస్సులో ఏ కుర్రాడైనా ఆ ముసలామెను ఎగతాళి చేస్తే మీరు కిటికీలోంచి బయటికి చూడకండి. వెనక్కి తిరిగి, గట్టిగా అనండి, తడి ఎవరి ముక్కులో ఉందో. ఆమెకు ఆమె మాటను తిరిగి ఇవ్వండి.